గీతలు నావి, వడ్లు అవ్వవి

ఇప్పుడంటే నాకు కామారెడ్డిల ఒక గది ఉన్నది, గదిల తిరిగే కుర్చీ ఉన్నది, తలుపు మీద పేరున్నది. జిల్లాల ఏ కాలేజీ పిల్లలు ఏ ఆట ఆడాలన్నా ఎప్పుడు ఆడాలె, ఎక్కడ ఆడాలె, మధ్యాహ్నం ఏం తినాలె అన్నదంత నేనే చూస్త. కొత్తగ చేరిన కోచ్‌లు వచ్చి "సార్, మీరు గూడ ఒకప్పుడు కోచేనట గదా, మరి ఈ కుర్చీలకు ఎట్లొచ్చిండ్రు?" అని మర్యాదగ అడుగుతరు. నేను గొంతు సవరించుకునేలోపల్నే మా ఇంటామె మాట యాదికొస్తది. "ఆట గెలిపియ్యరానోన్ని కోర్టు మీదికెల్లి జరిపి కుర్చీల కూసోబెట్టిండ్రు, అంతే గదా" అంటది ఆమె. అది అబద్ధం కాదు గని, మొత్తం నిజం గూడ కాదు. మొత్తం నిజం చెప్పాలంటే ఎల్లారెడ్డిల మబ్బు పట్టిన ఒక పగటి సంగతి చెప్పాలె.

ఆ రోజులల్ల నాకు కుర్చీ లేదు. కామారెడ్డిల ఒక డిగ్రీ కాలేజీల ఆడపిల్లల బాస్కెట్ బాల్ జట్టుకు కోచ్‌ని. మెడల విజిల్, కాళ్లకు బూట్లు, ఏటేటా "ఈసారి ఉంచుతరా తీసేస్తరా" అని గుండె పట్టుకోని తిరిగే నౌకరి. (నా ఆట చూసి ఇచ్చిండ్రని ఇంట్ల చెప్పిన. అసలు సంగతేందంటే, ఇంటర్వ్యూల పెద్దసారు బీరువ మీదున్న అట్టపెట్టె అందుకొమ్మన్నడు, నేను స్టూలు లేకుంట అందుకున్న. "ఎత్తున్నవ్, పనికొస్తవ్" అన్నడు.) మా కోర్టు కాలేజీ గేటు పక్కనే ఉండె. సిమెంటు గచ్చు, రెండు పోళ్లు, ఒక రింగు జర కిందికి వంగి ఉండేది. నాకు మాత్రం అది పాణం. పొద్దుగాల ఎవ్వలు రాకముందే పోయి చీపురు పట్టి ఊడ్సుకునేటోన్ని. నా ఖర్మకు ఆ గచ్చు మీద అందరి కన్ను వడ్డది. లెక్చరర్ల బండ్లు ఎండల మాడుతున్నయ్, పెద్దసారు కొత్త కారు కొన్నడు, కారుకు నీడ లేదు. "ఇంత మంచి జాగ ఒక బంతి కోసం ఇడిసిపెడ్తరా? మీద నాలుగు రేకులేస్తే కమ్మటి షెడ్డు" అని స్టాఫ్ రూంల చాయ్ తాగుకుంట అందరు అనుడు షురూ జేసిండ్రు. వాళ్లను అని ఏం ఫాయిద? నేనొచ్చిన కాన్నుంచి మా జట్టు ఒక్క మ్యాచ్ గెలిస్తే ఒట్టు.

ఒకనాడు పెద్దసారు (అంటే మా ప్రిన్సిపాల్ సారు, ఎకనామిక్స్ మనిషి, ప్రతి దాంట్ల లాభం నష్టం చూసేటోడు) నన్ను పిలిచి "ఎల్లారెడ్డి మ్యాచ్ ఎన్నడయ్యా?" అని అడిగిండు. "వచ్చే వారం సార్" అన్న. "గెలుస్తరా?" అన్నడు. నేను "పిల్లలు మంచిగ కష్టపడుతున్నరు సార్" అన్న. "అది నేనడగలే. గెలిస్తే పోళ్లు ఉంటయ్, ఓడితే రేకులొస్తయ్. కోర్టే లేకుంటే కోచ్ ఎందుకన్నది నువ్వే సోచాయించుకో. నేనే వస్త ఆనాడు, కండ్లార చూస్త" అన్నడు. పోతుంటే మల్ల పిలిచి, చుట్ట చుట్టిన పెద్ద ఫ్లెక్సీ ఒకటి చేతుల వెట్టిండు. అండ్ల సారు మొకం ఈ చివరికెల్లి ఆ చివరిదాక ఉండె, పిల్లలకు శుభాకాంక్షలు ఒక మూలకు నలకంత ఉండె. "దీన్ని కోర్టు కాడ అందరికి కనబడేటట్టు కట్టు. పాడైతే ఊకోను" అన్నడు.

మా పిల్లలను తక్కువ చేయొద్దు. మా కెప్టెన్ సదాశివనగర్ దిక్కు రైతుల బిడ్డ, నాకంటె జానెడే తక్కువ పొడుగు. నేనామెను పొడుగుపిల్ల అనే పిలుస్తుంటి. ఒక పిల్ల జుక్కల్‌ది. కోపమొస్తే ముందుగాల కన్నడంల, ఇంక పెరిగితే మరాఠీల తిట్టేది, రెఫరీలకు తిట్టు తాకిందో దీవెన తాకిందో తెల్వక ఊకునేటోళ్లు. ఇంకొక పిల్ల చిన్నది, బక్కది, తల్లితోని కూసోని బీడీలు చుట్టి చుట్టి దాని ఏళ్లు ఎంత హుషారైనయంటే, బంతి దాని చేతుల ఉన్నదనుకునేలోపే ఇంకో దిక్కు ఉండేది. ముగ్గురు మూడు రకాల మంచోళ్లు. వాళ్లను ఒక్క తీరుగ ఆడిపిచ్చుడే నాతోని కాకపోయేది. నేను విజిలేస్తే "సార్ ఎందుకో ఊదుతున్నడు" అని ముగ్గురు ఆగి నా దిక్కు చూస్తుండిరి, అంతల ఎదుటోళ్లు బంతి ఏసేటోళ్లు.

మ్యాచ్ పెట్టేది ఎల్లారెడ్డి కాలేజీల. అక్కడ ఆటల జిమ్మేదారి ఒక హిందీ సారు నెత్తి మీద వెట్టిండ్రు. పాపం ఆయనకు బాస్కెట్ బాల్‌కు, వాలీబాల్‌కు ఫరక్ తెల్వది. ఫోన్ చేసి "కోర్టు ఎట్లున్నదన్నా?" అంటే "ఉన్నది తమ్మీ, కని కనబడ్తలేదు" అన్నడు. పోయి చూస్తే నిజమే, మొత్తం మట్టి, గడ్డి, బర్ల పెండ. ఇండ్ల ఆడితే మా పిల్లల కాళ్లు ఇరుగుతయని నాకు బుగులు పట్టుకున్నది. ఆయితారం నాడు పిల్లలను తీస్కోని బస్సెక్కిన. గడ్డి పీకినం, పెండ ఎత్తినం, బోరింగుల నీళ్లు కొట్టి కొట్టి గచ్చును కడిగినం. ఎండినంక తెల్ల రంగు తెచ్చి గీతలు కొట్టించిన. చుట్టు గీత, నడిమిట్ల గుండ్రం, రింగుల కింద డబ్బాలు. పొద్దుగూకే యాళ్లకు ఆ కోర్టు మీద అన్నం పెట్టుకోని తినొచ్చు, అంత సాఫ్‌గ ఉండె. రోడ్డు మీద పోయే ఆడోళ్లు ఆగి ఆగి చూసుకుంట పోయిండ్రు.

అండ్ల ఒక అవ్వ గేటు దాటి లోపలికే వచ్చింది. నెత్తి మీద గడ్డిమోపు, నడుముకు కొడవలి. గచ్చు మీద అరికాలు రుద్ది చూసింది, వంగి చెయ్యితోని గూడ రాసి చూసింది. "ఎవలి కోసం కొడుకా ఇంత మంచిగ చేపిచ్చినవ్?" అని అడిగింది. అప్పటికే నా నడుము ఇరిగి, నా పని మీద నాకే మురిపెమొచ్చి, జర ఉపన్యాసం ఇయ్య బుద్ధైంది. "మీ కోసమే అవ్వా. ఇది కాలేజీది గాదు, ఊరిది. మీ పిల్లలది, మీ అందరిది. పాడువెట్టకుంట మంచిగ వాడుకోండ్రి" అన్న. అవ్వ కండ్లల్ల నీళ్లు తీసుకున్నది. "సల్లగుండు బిడ్డా, మాకోసం ఇంత సోచాయించినోడు ఇన్నేండ్లల్ల ఒక్కడు రాలే" అన్నది. ఒక బాస్కెట్ బాల్ కోర్టుకు ఇంత ఏడుసుడు ఎందుకని నాకు ఒక్క తాపగూడ అనుమానం రాలే. ఈ ఊరోళ్లకు ఆటలంటె ఎంత పాణమో అనుకోని, బస్సుల కామారెడ్డి దాక పిల్లలకు అదే చెప్పుకుంట వచ్చిన.

మ్యాచ్ నాడు పొద్దుగాల్నే మబ్బు వట్టింది. దీపావళి పోయి, కోతలు జోరు మీదున్న రోజులు. కామారెడ్డికెల్లి ఎల్లారెడ్డి దాక రోడ్డుకు ఒక పక్క వడ్లు ఆరవోసి ఉన్నయ్, ఇంకో పక్కకెల్లి మా బస్సు ముక్కుకుంట పోతున్నది. ఎక్కడో తుపాను పుట్టిందట. బస్సుల అందరు కిటికీలకెల్లి మబ్బు దిక్కే చూస్తున్నరు. నా కండ్ల ముంగట మాత్రం రేకుల షెడ్డే కనబడుతున్నది. ఎల్లారెడ్డిల దిగి, కాలేజీ గేట్ల అడుగు వెట్టినమో లేదో, ముందుగాల నడుస్తున్న పొడుగుపిల్ల ఆగిపోయింది. "సార్, కోర్టు ఏది?" అన్నది.

కోర్టు లేదు. ఈ పోలు కాన్నుంచి ఆ పోలు దాక వడ్లే వడ్లు! అవి గూడ ఆగమాగం పోసినయ్ గావు. నేను కొట్టించిన గీతల లెక్కన సక్కగ పంచుకోని పోసుకున్నరు. ఈ సగం ఒక వాడోళ్లది, ఆ సగం ఇంకో వాడోళ్లది. నడిమిట్ల గుండ్రంల ఎవలో ఇత్తనపు వడ్లు పోసిండ్రు. గీత దాటి ఒక్క గింజ ఇవుతల పడలే. రింగు కింది డబ్బాల, పోలుకు ఆనుకోని, చేతుల కోళ్లను కొట్టే కట్టె పట్టుకోని అవ్వ కూసున్నది. నన్ను చూడంగనే మొకం ఇంతగ చేసుకోని "అగో, బంతిసారు వచ్చిండు! గీయ్నే మనకు కల్లం చేపిచ్చింది" అని లేసింది. చుట్టున్నోళ్లందరు లేసి దండం పెట్టిండ్రు. ఒకాయన "గీతలు గొట్టిచ్చుడు మస్తు మంచిగైంది సారూ, లేకుంటే జాగ కాడ తలకాయలు వలుగుతుండె" అన్నడు.

హిందీ సారు ఉరికొచ్చి నా చెయ్యి పట్టుకున్నడు. "నేను చెప్పిన తమ్మీ, తియ్యిమన్న. కామారెడ్డి సారు ఇచ్చిండు, నువ్వెవలవు అడగనీకె అంటున్నరు" అన్నడు. అంతల రెఫరీ వచ్చిండు. ఆయన నిజామాబాద్ మనిషి. మాటకు ముందొకసారి, మాట అయినంక ఒకసారి చేతి గడియారం చూసుకుంటడు, అందుకే అందరు ఆయనను గడియారం సారు అంటుండిరి. వడ్లను చూసిండు, గడియారం చూసిండు. "నాలుగింటికి మ్యాచ్. కోర్టును వడ్లకు ఇచ్చింది ఎవలు?" అన్నడు. ఎల్లారెడ్డి మొత్తం నా దిక్కు చెయ్యి చూపిచ్చింది. "అయితే తప్పు కామారెడ్డిది. నాలుగు దాకనే చూస్త. నాలుగు కొట్టినంక కోర్టు ఖాళీ లేకుంటే వాకోవర్ ఇస్త, ఎల్లారెడ్డి గెలిచినట్టు" అని మల్ల గడియారం చూసుకున్నడు. వాకోవర్ అంటే ఆడకుంటనే ఓడుడు. ఆడి ఓడితే పెద్దసారుకు ఏదన్న సాకు చెప్పొచ్చు, వడ్ల చేతుల ఓడిపోయిన అని ఏ మొకంతోని చెప్పాలె?

అవ్వ కాడికి పోయి చేతులు జోడిచ్చిన. "అవ్వా, ఆట ఉన్నది, జర తియ్యరాదు" అన్న. "ఏం ఆట కొడుకా?" అన్నది. "బంతాట అవ్వా. నేను కడిగింది గందుకే." అవ్వ నన్ను కిందికెల్లి మీది దాక చూసింది. "బంతాటకు గింత గచ్చు ఎందుకు కొడుకా, మట్టిల ఆడరా పోరగాండ్లు? నువ్వే అంటివి గదా మీ అందరిదని, వాడుకోండ్రని. మాటిచ్చి గుంజుకుంటవా?" అన్నది. ఊకె నిలవడితే బాగుండదని విజిల్ తీసి గట్టిగ ఊదిన. గుండ్రంల వడ్లు తింటున్న రెండు కోళ్లు ఉరికినయ్. అవ్వ "మంచిగుంది గది, మాకియ్యరాదు, కోళ్లను కొట్టనీకె అక్కెరకొస్తది" అన్నది.

ఎనక నుంచి పొడుగుపిల్ల వచ్చి నా అంగి గుంజింది. "సార్, తియ్యిమంటే తియ్యరు. మబ్బు చూసిండ్రా? వానొస్తే ఈ వడ్లు మొలకలొస్తయ్, వడ్లు కొనే సెంటర్ల తేమ చూసే మిషన్ పెట్టి తేమున్నదని తిప్పి పంపిస్తరు. వాళ్ల బుగులు వాళ్లది. మనమే కుప్పలు జేసి కప్పుదాం" అన్నది. నా జవాబు కోసం ఆగలే. చున్నీ నడుముకు చుట్టింది, బూట్లిడిసింది, అవ్వ పక్కనున్న కట్టెపలక తీస్కోని వడ్లు నూకుడు వెట్టింది. జుక్కల్ పిల్ల, బీడీల పిల్ల, కడమోళ్లు గూడ దిగిండ్రు. ఎల్లారెడ్డి జట్టు పిల్లలు ఒక గడియ నిలవడి చూసిండ్రు, అండ్ల సగం వడ్లు వాళ్ల మ్యానమామలయే, వాళ్లూ దిగిండ్రు. జట్టుకు ఆట నేర్పనీకె నాకు ఏండ్లు పట్టింది గని, ఆనాడు ఎవలు ఎక్కడ నిలవడాలెనో, ఎవలు ఎవలికి అందియ్యాలెనో ఒక్కలకు చెప్పే పని వడలే. కాని లొల్లి గూడ మొదలైంది. దొడ్డు వడ్లల్ల సన్న వడ్లు కలుస్తున్నయని ఒకాయన, నా గింజలు నీ గీతలకు వచ్చినయని ఇంకొకామె. కాలేజీ వరండాల వోద్దామంటే వరండ అప్పటికే ఇంకో వాడోళ్ల వడ్లతోని నిండి ఉన్నది. కోర్టు అవుతల మట్టిల పోయాలె, కింద పరవనీకె, మీద కప్పనీకె పట్టాలు సాలయ్.

నేను ఉరికిన. ఆ ఉరుకుడు కోర్టు మీద ఎన్నడన్న ఉరికి ఉంటే నా బతుకు వేరే ఉంటుండె. బస్టాండ్ కాడ టెంట్ హౌజ్ అతన్ని పట్టుకున్న. "షామియానా గుడ్డలు, పట్టాలు ఎన్నుంటే అన్ని ఇయ్యన్నా" అన్న. ఆయన తాపీగ "ఎవలి పెండ్లి సార్?" అన్నడు. "పెండ్లి గాదన్నా, జల్ది ఇయ్యకపోతే నా దినాలే" అన్న. నా మొకం చూసి ఆయనకు ఏమర్థమైందో, ఇంకో మాట అడగకుంట ఆటోల ఏసి తాను గూడ ఎక్కిండు. ఎరువుల దుకాణమాయన ఖాళీ సంచులిచ్చిండు. తిరిగొచ్చేసరికి మబ్బు ఇంక కిందికి దిగింది, గాలి లేసింది, కోర్టు సగం మీద సిమెంటు కనబడుతున్నది. "ఈ కుప్ప ఎవలిది? రెండు పట్టాలు ఇటు. సన్నయి అటు, దొడ్డయి ఇటు. ఇత్తనాలు ముందుగాల కప్పుండ్రి" అని నేను ఒర్రుతుంటే అందరు ఇన్నరు. నేను చెప్పింది చెప్పినట్టు మనుషులు ఇనుడు నా బతుకుల అదే మొదటిసారి. నాకు భయం మర్సిపోయినట్టే అనిపిచ్చింది.

గడియారం సారు గీత మీద నిలవడి "దగ్గరికొచ్చింది, నాలుగు దగ్గరికొచ్చింది" అని అంటనే ఉన్నడు. పట్టాలు అయిపోయినయ్, షామియానాలు అయిపోయినయ్. అవ్వ కుప్ప ఒక్కటే మిగిలింది. అందరి వడ్లకు జాగ చూపిచ్చుకుంట ఆమె తనది ఎనకకు ఏసుకున్నది. పొడుగుపిల్ల నా సంచి దిక్కు చూసింది. సంచిలకెల్లి పెద్దసారు ఫ్లెక్సీ తొంగి చూస్తున్నది. "వద్దు" అన్న. "సార్..." అన్నది. "వద్దంటున్న గదా! అది పాడైతే నన్ను బతకనియ్యడు" అన్న. అప్పుడే నా ముక్కు మీద ఒక సుక్క వడ్డది. అవ్వ ఏం అడగలే, ఏడ్వలే, కుప్ప మీద వంగి రెండు చేతులు చాపి పండుకున్నట్టు నిలవడ్డది. ముసలి పాణం, ఎంత వాన ఆపుతది? ఫ్లెక్సీ గుంజి ఇప్పిన.

గాలికి అది లేసి లేసి కొట్టుకున్నది. మూడు మూలలకు మేం పట్టుకున్నం, నాలుగో మూల ఎగురుతున్నది. "సారూ, జర పట్టు!" అని అవ్వ కసిరేసరికి గడియారం సారు ఎవలిని అన్నదో అర్థం గాక అటిటు చూసి, ఉరికొచ్చి రెండు చేతులతోని పట్టుకున్నడు. వాన దంచింది. చేతులు మీదికి ఎత్తి పట్టుకున్నడు గావట్టి గడియారం చూసుకోనీకె వస్తలేదు. పాపం మెడ సాపుతడు, మణికట్టు తిప్పుతడు, కనబడదు. జుక్కల్ పిల్ల "టైమెంతైంది సార్?" అని కావాల్నని అడిగింది. "చెయ్యిడిస్తే ఈ మొకం లేసి పోతదమ్మా" అని ఆయన ఒర్రిండు. నీళ్లు ఆయన చేతుల మీదికెల్లి అంగి లోపలికి పోతున్నయ్. అదే టైముకు గేట్ల కొత్త కారు వచ్చి ఆగింది.

పెద్దసారు గొడుగు పట్టుకోని దిగిండు. కోర్టు దిక్కు చూసిండు, ఎవలూ ఆడుతలేరు. మా దిక్కు చూసిండు. తన మొకమే వడ్ల కుప్ప మీద పండవెట్టి ఉన్నది, నుదురు మీద ఒక బండ, గదువ మీద ఒక బండ, ముక్కు మీదికెల్లి నీళ్లు కారుతున్నయ్. సారు నోరు తెరిచిండు. నా నౌకరి ఆ నోట్ల ఉన్నది. అంతల అవ్వ ఫ్లెక్సీ దిక్కు చూసి, సారు దిక్కు చూసి, మల్ల ఫ్లెక్సీ దిక్కు చూసి, ఉరికిపోయి ఆయన చేతులు వట్టుకున్నది. "నువ్వేనా బిడ్డా ఆ బొమ్మల సారువు! నీ మొకమే అడ్డం వడ్డది, లేకుంటే నా వడ్లు మట్టిల గలుస్తుండె. నీ కడుపు సల్లగుండ!" అన్నది. ఊరోళ్లందరు సారు చుట్టు మూగి దండాలు వెట్టిండ్రు. సారు తెరిచిన నోరు మూసి, గొడుగు సక్కగ పట్టుకున్నడు. "రైతులకు ఈ మాత్రం చెయ్యకపోతే ఎట్ల" అన్నడు.

వాన ఎంత జల్ది వచ్చిందో అంత జల్ది పోయింది. గడియారం సారు చేతులు దించి, గడియారం తుడిచి, చెవి కాడ పెట్టుకోని, ఊపి చూసిండు. "నీళ్లు వొయినయ్" అన్నడు. "ఆగిపోయింది. నాలుగుకు జర ముందే ఆగింది. రూలంటే రూలే. నా గడియారంల నాలుగు కాలే" అన్నడు. ఎవలూ చెప్పకముందే ఊరోళ్లు గోనెసంచులు పట్టుకోని కోర్టు మీద కూసుండి తుడుసుడు వెట్టిండ్రు. ఇంట్ల అలుకు సల్లినంత శ్రద్ధగ తుడిచిండ్రు.

అట్ల మ్యాచ్ అయింది. దాన్ని మ్యాచ్ అనాల్నా అంటే నాకు అనుమానమే. రెండు జట్ల పిల్లల చేతులు వడ్లు నూకి నూకి గుంజుతున్నయ్, బంతి రింగు దాక లేస్తలేదు. తెల్ల గీత మీద అక్కడక్కడ గింజలు మిగిలి బూట్ల కింద జారుతున్నయ్. అయినా కొట్లాడిండ్రు. ఆఖరుకు వచ్చేసరికి మేం రెండు పాయింట్లు ఎనక ఉన్నం, పొడుగుపిల్లను ఎవలో నూకితే గడియారం సారు ఫౌల్ ఇచ్చి రెండు ఫ్రీ త్రోలు ఇచ్చిండు. రెండు వడితే సమానం. పిల్ల డబ్బా కాడ గీత మీద నిలవడ్డది. అవుతలికెల్లి అవ్వ "నా జాగలకెల్లి ఎయ్యి బిడ్డా, మంచి జాగ అది!" అని ఒర్రింది. మొదటిది వడ్డది. పెద్దసారు గొడుగు మూసి ముందుకు వంగిండు. రెండోది రింగు మీద కూసున్నది, ఒక చుట్టు తిరిగింది, ఇంకో చుట్టు తిరిగింది, బయటికి జారింది. గడియారం సారు విజిల్ ఊదిండు. ఒక్క పాయింటు తోని ఓడినం.

నేను పోలుకు ఆనుకోని కూలవడ్డ. పిల్లలు ఏడుస్తున్నరు. అవ్వ వచ్చి పక్కన కూసున్నది. "ఓడిపోయినవా కొడుకా?" అన్నది. "ఓడిపోయిన అవ్వా." "పోనీ తియ్యి, ఏం జేస్తం" అని నా ఈపు మీద చెయ్యేసి రాసింది. నాకు ఏడుపొచ్చినంత పనైంది. మల్ల మెల్లగ అన్నది: "వచ్చే ఏడు చేపిచ్చేటప్పుడు ఇంకింత పెద్దగ చేపియ్యి కొడుకా, మా ఆడిబిడ్డకు జాగ సాలలే."

తెల్లారి పెద్దసారు పిలిచిండు. రేకుల సంగతే అనుకోని, విజిల్ మెడలకెల్లి తీసి జేబుల ఏసుకోని పోయిన, ఆయన అడగకముందే ఇచ్చేద్దామని. సారు బల్ల మీద, అవ్వ ఆయన చేతులు పట్టుకున్న ఫొటో ఉన్నది, ఎవలో తీస్తే పొద్దుటి పేపర్ల వడ్డది. "షెడ్డు లేదు పో. కోర్టు ఉంటది" అన్నడు. నాకు ఆయన కాళ్ల మీద పడ బుద్ధైంది. "కని నువ్వు కోచ్‌గ ఉండవు" అన్నడు అదే గొంతుతోని. "నీకు ఆట చెప్పుడు రాదయ్యా, నీకూ తెలుసు, నాకూ తెలుసు. కని నిన్న నువ్వు ఊరు మొత్తాన్ని ఉరికిచ్చినవ్, ఆ రెఫరీ తోని సుత పని జేపిచ్చినవ్. గది అందరికి రాదు. రేపటికెల్లి అన్ని ఆటల ఇంతెజాం నీదే. టీములు పోవుడు, వచ్చుడు, గ్రౌండ్లు, తిండి, అంత నువ్వే చూడు. కోచ్‌గ వేరేటోన్ని తెస్త" అన్నడు. కోర్టు దక్కింది, నౌకరి దక్కింది, ఆట ఒక్కటి పోయింది. బయటికొచ్చి గేటు కాడ నిలవడి ఆ వంగిన రింగు దిక్కు శానాసేపు చూసిన. మస్తు బాధైంది, ఎందుకు దాయాలె.

ఆ ఇంతెజామే పెరిగి పెరిగి ఈ కుర్చీ అయింది. మా కాలేజీకి తర్వాత ఎందరో కోచ్‌లు వచ్చిండ్రు, పోయిండ్రు. ఇప్పుడున్న కోచ్ ఎవరనుకున్నరు? మా పొడుగుపిల్లనే. ఆమె జట్టు గెలుస్తనే ఉంటది, నేను కప్పులిస్త. ఎల్లారెడ్డిల మ్యాచ్‌లు మాత్రం నేను ఎన్నడూ కోతల టైమ్‌ల పెట్ట. కొత్త కోచ్‌లు "ఈ సారు ఎందుకింత ఆలిస్యం చేస్తడు" అని గొణుగుతరు, నాకు ఇనవడుతది, ఊకుంట. ఈ ఏడు వానలు ఆగక కోతలు ఎనక వడ్డయ్, నా అంచనా తప్పింది. మొన్న పొడుగుపిల్ల ఎల్లారెడ్డికెల్లి ఫోన్ జేసింది.

"సార్, జట్టును తీస్కోని వచ్చిన. కోర్టు నిండ వడ్లు" అన్నది. "తియ్యిమనలేదా?" అన్న. "అన్న సార్. కామారెడ్డి సారు ఎప్పుడో ఇచ్చిండు, నువ్వెవలవు అడగనీకె అంటున్నరు" అని నవ్వింది. నేను కిటికీలకెల్లి చూసిన, ఇక్కడ గూడ మబ్బు వట్టింది. "డబ్బాల ఎవలు పోసిండ్రు?" అని అడిగిన. "అవ్వ కోడలు సార్. మా అత్త జాగ అంటున్నది, ఎవలినీ పోయనిస్తలేదట" అన్నది. నేను "మ్యాచ్ ఎల్లుండికి జరుపు, రెఫరీకి నేను చెప్త. పిల్లలను కోడలుకు సాయం చెయ్యిమను" అన్న. "ఆనాడే గిట్ల జరిపేటోళ్లు ఎవలన్న ఉండి ఉంటే మనం గెలుస్తుంటిమి సార్" అన్నది పొడుగుపిల్ల. "గెలిస్తే నేను ఇంకా విజిలే ఊదుతుంటి" అన్న. "అయితే ఓడుడే మంచిగైంది" అన్నది ఆ పోరి, ఏ భయం లేకుంట.

ఫోన్ పెట్టి, ఎల్లారెడ్డి బస్టాండ్ కాడి టెంట్ హౌజ్‌కు కొట్టిన. పాతాయనే ఎత్తిండు, నా గొంతు గుర్తు వట్టి "ఈసారి ఎవలి దినాలు సార్?" అన్నడు. "అవ్వ కుప్పకు ఒక పెద్ద పట్టా పంపన్నా, మబ్బు వట్టింది" అన్న. ఆయన "అవ్వ పోయింది గద సార్, పోయినేడే" అన్నడు. "తెలుసన్నా. వడ్లయితే ఉన్నయ్ గదా, పంపు" అన్న. తర్వాత తిరిగే కుర్చీల కూసోని, మెడల విజిల్ ఏసుకోని వానల తడుసుకుంట ఒర్రుతున్న ఆ పొడుగు పోరన్ని, అంటే అప్పటి నన్నే, యాదిజేసుకోని, తలుపు దగ్గరికేసి, ఒక్కన్నే కడుపార నవ్వుకున్న.